వాలెస్ గొంతు వెనక ఉన్న పీటర్ సాలిస్: చిన్న పాత్రలు వదిలేసి వాయిస్ పనికి మారిపోవాలా?

మీరు అడిగినదాంట్లో రెండు ప్రశ్నలున్నాయి. పిల్లలతో కలిసి "వాలెస్ అండ్ గ్రోమిట్" (వాలెస్ అనే మనిషి, గ్రోమిట్ అనే కుక్కల బ్రిటిష్ క్లే బొమ్మల సినిమాలు) చూస్తుంటే ఆ వాలెస్ గొంతు మిమ్మల్ని పట్టేసింది, అది పీటర్ సాలిస్ అనే బ్రిటిష్ నటుడిదని తెలిసింది, హీరో వేషాలు లేకుండా ఆయన అన్నేళ్ళు ఎలా నిలబడ్డాడన్నది ఒకటి. రెండోది మీ సొంత సంగతి. నాటకాల్లో, సీరియళ్ళలో చిన్న పాత్రలు వేస్తున్నారు, ముప్ఫై దాటింది, గొంతు బాగుందని అందరూ అంటున్నారు, కాబట్టి నటన పక్కన పెట్టి పూర్తిగా వాయిస్ వైపు వచ్చేయనా అని.

ముందు సూటిగా జవాబు: నటన వదలకండి. వాయిస్ పనిని దానికి కలుపుకోండి. సాలిస్‌ని మీరే ఉదాహరణగా తెచ్చారు కాబట్టి చెప్తున్నాను, వాలెస్ కోసం మైకు ముందు నిలబడేసరికి ఆయన వెనక ముప్ఫై అయిదేళ్ళకు పైగా స్టేజి, టీవీ, సినిమా పాత్రలున్నాయి. మీరు విన్నది ఆ అనుభవాన్ని. గొంతు అది బయటికి వచ్చిన దారి మాత్రమే.

నేను హైదరాబాదులో డబ్బింగ్ ఇంచార్జిగా చాలా కాలంగా పని చేస్తున్నాను. ఇంగ్లీషు, హిందీ కార్టూన్లు, సీరియళ్ళు తెలుగులోకి తెస్తుంటాం, ఆడిషన్లు వినేది నేనే. కొత్తగా వచ్చేవాళ్ళకి సాలిస్ పని వినిపిస్తుంటాను. అందుకే మీ ప్రశ్న చూడగానే రాయాలనిపించింది, కాస్త పొడుగవుతుంది, ఓపికగా చదవండి.

ఆయన 1921 ఫిబ్రవరి 1న లండన్ పక్కనున్న ట్వికెన్‌హామ్‌లో పుట్టాడు. చదువు అయ్యాక బ్యాంకులో గుమాస్తా. రెండో ప్రపంచ యుద్ధంలో రాయల్ ఎయిర్ ఫోర్స్‌లో చేరాడు కానీ ఆరోగ్య కారణాల వల్ల విమానం ఎక్కనివ్వలేదు, దాంతో రేడియో పని నేర్చుకుని క్రాన్‌వెల్ అనే ఎయిర్ ఫోర్స్ శిక్షణ కేంద్రంలో కుర్రాళ్ళకి ఆ పాఠాలు చెప్పేవాడు. అక్కడే సరదాగా వేసే నాటకంలో వేషం దొరికింది. యుద్ధం అయిపోయాక మళ్ళీ బ్యాంకు మెట్లెక్కలేదు, స్కాలర్‌షిప్ మీద లండన్‌లోని రాడా నటనా పాఠశాలకి వెళ్ళాడు. 1946లో వృత్తి నటుడిగా మొదటిసారి లండన్ స్టేజి ఎక్కినప్పుడు ఆయనకి దక్కింది మాటల్లేని వేషం. మూడేళ్ళు బయట ఊళ్ళ థియేటర్లలో చేసి వస్తేగానీ లండన్‌లో మాటలున్న పాత్ర రాలేదు, అది 1949.

ఆ మూడేళ్ళ గురించి కొంచెం చెప్పాలి, ఎందుకంటే ఆ తరం బ్రిటిష్ సహాయ నటుల అసలు చదువు అదే. దాన్ని రెపర్టరీ థియేటర్ అంటారు, ముద్దుగా రెప్. ఊరికో స్థిరమైన నాటక కంపెనీ ఉండేది. చాలా చోట్ల వారానికో కొత్త నాటకం. సాయంత్రం ఈ వారం నాటకం ఆడుతూ, పగలు వచ్చే వారం నాటకానికి రిహార్సల్ చేస్తూ, రాత్రి గదికి వెళ్ళి దాని మాటలు కంఠస్తం చేసుకునేవాళ్ళు. ఒక వారం డెబ్భై ఏళ్ళ పాస్టరు, పై వారం పోలీసు, ఆ తర్వాత ఇంటి నౌకరు. అలా తిప్పి తిప్పి వేస్తే నటుడికి రెండు విషయాలు ఒంటబడతాయి: పాత్రని త్వరగా పట్టుకోవడం, ఎదుటివాడి మాటని చెడగొట్టకుండా తన మాట వేయడం. రెండోదాని విలువ మైకు ముందు తెలుస్తుంది, దాని దగ్గరికి వస్తాను.

1950ల నుంచి ఆయన పని చూస్తే ఎక్కడా ఆగలేదు. 1955లో అమెరికన్ నటుడు, దర్శకుడు ఆర్సన్ వెల్స్ లండన్‌లో వేసిన మోబీ డిక్ నాటకంలో ఉన్నాడు. 1958లో బీబీసీ సీరియల్‌లో శామ్యూల్ పీప్స్ అనే చారిత్రక వ్యక్తి పాత్ర, అది ప్రధాన పాత్రే, కాబట్టి "హీరో వేషాలు లేకుండా" అన్న మీ మాటకి ఇదొక మినహాయింపు. 1965లో న్యూయార్క్ బ్రాడ్‌వేలో షెర్లాక్ హోమ్స్ కథతో తీసిన మ్యూజికల్‌లో డాక్టర్ వాట్సన్. 1967లో "డాక్టర్ హూ" అనే బీబీసీ సైన్స్ ఫిక్షన్ సీరియల్‌లో ఒక శాస్త్రవేత్త. 1970లో భయానక చిత్రాలు తీసే హామర్ కంపెనీ వాళ్ళ డ్రాక్యులా సినిమాలో ఒక పెద్దమనిషి. ముఖం అందరికీ తెలుసు, పేరు అడిగితే తడుముకోవాలి. మన సినిమాల్లోనూ తాసీల్దారు, డాక్టరు, పెళ్ళికూతురి మేనమామ వేషాల్లో అలాంటివాళ్ళని చూస్తూనే ఉంటాం. వాళ్ళు లేకపోతే కథ నడవదు.

తర్వాత 1973 జనవరిలో బీబీసీ ఒక విడి కామెడీ ఎపిసోడ్ వేసింది, "లాస్ట్ ఆఫ్ ద సమ్మర్ వైన్". రచయిత రాయ్ క్లార్క్. ఉత్తర ఇంగ్లండ్‌లోని యార్క్‌షైర్‌లో హోమ్‌ఫర్త్ అనే ఊరి చుట్టూ గుట్టల్లో తిరుగుతూ కబుర్లు చెప్పుకునే ముగ్గురు ముసలివాళ్ళ కథ. సాలిస్ పాత్ర పేరు నార్మన్ క్లెగ్, భార్య పోయిన మనిషి, ఒకప్పుడు నేల మీద పరిచే లినోలియం అమ్మేవాడు, ఇప్పుడు ఆడవాళ్ళంటే భయం, కారు నడపడమంటే భయం. ఆ ఒక్క ఎపిసోడ్ సిరీస్ అయింది. 2010 ఆగస్టు దాకా సాగింది. 31 సిరీస్‌లు, 295 ఎపిసోడ్లు. మొదటి నుంచి చివరి దాకా అన్నిటిలోనూ కనిపించిన ఒకే ఒక్క నటుడు సాలిస్. పక్కవాళ్ళు మారారు, చనిపోయారు, కొత్తవాళ్ళు వచ్చారు, ఈయన కదల్లేదు. మొదలుపెట్టినప్పుడు 51 ఏళ్ళు, ముగిసేసరికి 89.

క్లెగ్ పాత్రని శ్రద్ధగా చూడండి. అల్లరి చేసేది ఇంకొకడు, పెత్తనం చేసేది మరొకడు. క్లెగ్ చేసేది వినడం, తర్వాత నెమ్మదిగా ఒక మాట వదలడం. నవ్వు ఆ మాట దగ్గర పండుతుంది కానీ ఆయన దాన్ని నవ్వు కోసం అన్నట్టు అనడు. నటుల్ని ఎంచుకునేటప్పుడు నేను చూసేది సరిగ్గా ఇదే. ఎక్కువ చేసేవాళ్ళు బోలెడుమంది దొరుకుతారు, వినేవాళ్ళే దొరకరు.

ఇక గొంతు సంగతి. 1980ల మొదట్లో నిక్ పార్క్ అనే కుర్రాడు ఇంగ్లండ్‌లోని నేషనల్ ఫిల్మ్ అండ్ టెలివిజన్ స్కూల్‌లో విద్యార్థి. క్లే బొమ్మలతో ఒక సినిమా మొదలుపెట్టాడు, చంద్రుడు జున్నుతో, అంటే చీజ్‌తో, చేసిందనుకుని అది తెచ్చుకోవడానికి ఇంట్లో రాకెట్ కట్టుకునే ఒక మనిషీ, ఆయన కుక్కా. గొంతు కోసం సాలిస్‌కి రాశాడు. డబ్బులు లేవు, మీకు నచ్చిన సేవా సంస్థకి 50 పౌండ్లు ఇస్తానన్నాడు. సాలిస్ ఒప్పుకున్నాడు. అప్పటికి ఆయన దేశమంతా తెలిసిన టీవీ నటుడు, అరవై దాటిన మనిషి, అవతల ఒక స్టూడెంటు. పార్క్‌కి కావలసింది యార్క్‌షైర్ పక్కనున్న లాంకషైర్ యాస, సాలిస్‌కి వచ్చిన ఉత్తరాది యాస యార్క్‌షైర్‌ది, అదే వేశాడు. ఆ యాస ఆయన పుట్టింటిది కాదు, లండన్ మనిషి పాత్రల కోసం నేర్చుకున్నది. రికార్డింగ్ అయింది, ఎవరి దారిన వాళ్ళు వెళ్ళారు. సినిమా పూర్తయ్యేసరికి ఆరేళ్ళ పైన పట్టింది, "ఎ గ్రాండ్ డే అవుట్" పేరుతో 1989లో బయటికొచ్చింది.

ఇక్కడ మన డబ్బింగ్‌కీ దానికీ ఉన్న తేడా మీరు బాగా అర్థం చేసుకోవాలి. మనం చేసే డబ్బింగ్‌లో తెర మీద పెదాలు ముందే కదిలిపోయి ఉంటాయి. లూప్ (అదే చిన్న ముక్క మళ్ళీ మళ్ళీ) తిరుగుతుంటే ఆ కదలికలో మన మాట ఇమడ్చాలి. ఇలాంటి యానిమేషన్‌లో గొంతే ముందు. రికార్డు చేసిన ట్రాకుని ముక్కలు ముక్కలుగా విని, ఏ ఫ్రేములో ఏ ధ్వని పడుతోందో చార్టు రాసుకుని, దాని ప్రకారం బొమ్మ నోరు, చెయ్యి, కనుబొమ్మ కదుపుతారు. సినిమా సెకనుకు 24 ఫ్రేములు. పొద్దున్నుంచి సాయంత్రం దాకా కూర్చుంటే ఒక యానిమేటర్ చేతిలో తయారయ్యేది కొన్ని సెకన్ల కదలిక. అంటే నటుడు ఒక మాట దగ్గర ఊపిరి ఎక్కడ తీశాడు, ఎక్కడ సాగదీశాడు అన్నదాన్ని పట్టుకుని ఒక మనిషి రోజంతా పని చేస్తాడు. సాలిస్ "చీజ్" అన్న మాటని రెండు బుగ్గలూ సాగిపోయేట్టు పలికాడు. అది విన్న పార్క్ వాలెస్ నోటిని అడ్డంగా అంత వెడల్పు చేశాడు. మీ పిల్లలు నవ్వుకునే ఆ పెద్ద పళ్ళ నవ్వు ఒక నటుడి ఉచ్చారణలోంచి వచ్చింది. నాకు ఈ విషయం ఎన్నిసార్లు తలుచుకున్నా ఒళ్ళు పులకరిస్తుంది.

రెండో సంగతి గ్రోమిట్. మొదట ఆ కుక్కకీ గొంతు పెట్టాలనుకున్నారు. బొమ్మని కదపడం మొదలుపెట్టాక కనుబొమ్మలు చాలని పార్క్‌కి అర్థమైంది, గ్రోమిట్ మూగవాడైపోయాడు. కాబట్టి ఆ ఇద్దరి మధ్యా మాటలన్నీ వాలెస్‌వే. ఇది చాలా కష్టమైన పని, తేలిగ్గా తీసుకోకండి. అవతలి పాత్ర బదులు చెప్పదు, అయినా బదులు విన్నట్టు మాట్లాడాలి. ఒక ప్రశ్న అడిగి, కుక్క కళ్ళు తిప్పేంత ఖాళీ వదిలి, ఆ చూపు తనకి అర్థమైనట్టో కానట్టో రెండో మాట అందుకోవాలి. రికార్డింగ్ నాటికి ఆ చూపు ఇంకా పుట్టనే లేదు. క్లెగ్‌గా అన్నేళ్ళు పక్కవాళ్ళని విన్న మనిషికి అది సాధ్యమైంది. గొంతు మాత్రమే ఉన్నవాడైతే ఆ ఖాళీలన్నీ నింపేసేవాడు.

ఆ తర్వాతి కథ మీకు తెలిసే ఉంటుంది. 1993లో "ద రాంగ్ ట్రౌజర్స్", 1995లో "ఎ క్లోజ్ షేవ్", రెండింటికీ షార్ట్ యానిమేషన్ ఆస్కార్లు. 2005లో పూర్తి నిడివి సినిమా "ద కర్స్ ఆఫ్ ద వేర్-రాబిట్", దానికీ ఆస్కార్, అప్పటికి సాలిస్‌కి 84 ఏళ్ళు. 2008లో ఇంకొక చిన్న సినిమా. వెన్స్లీడేల్ జున్ను వాలెస్‌కి ఇష్టమని చెప్పడంతో యార్క్‌షైర్‌లో ఆ జున్ను చేసే డెయిరీ అమ్మకాలు కూడా పెరిగాయి. 2007లో బ్రిటిష్ ప్రభుత్వం ఓబీఈ అనే గౌరవ పురస్కారం ఇచ్చింది. 2010 తర్వాత వాలెస్ గొంతు బెన్ వైట్‌హెడ్‌కి వెళ్ళింది, 2024లో వచ్చిన సినిమాలో ఆయనే. వాలెస్ కాక సాలిస్ చేసిన పెద్ద వాయిస్ పని ఇంకోటుంది, 1984లో మొదలైన "ద విండ్ ఇన్ ద విల్లోస్" బొమ్మల సిరీస్‌లో ర్యాట్ పాత్ర. దొరికితే వినండి, ఒకే మనిషి వాలెస్‌కి ఇంటి మనిషి తడబాటు, ర్యాట్‌కి చదువుకున్న పెద్దమనిషి నింపాదితనం ఎలా వేరువేరుగా తెచ్చాడో తెలుస్తుంది. గొంతు మార్చలేదు, మనిషిని మార్చాడు.

ఇప్పుడు మీకు నిజంగా అవసరమైన లెక్క. వాలెస్ సినిమాలు ఇరవై ఏళ్ళలో అయిదు. మధ్యలో ప్రకటనలు, చిన్న చిన్న ముక్కలు ఉన్నా సరే, అంత పేరు తెచ్చిన వాయిస్ పాత్ర ఏటా వచ్చే పని కాదు. దాదాపు ఏటా వచ్చింది క్లెగ్. ప్రపంచం ఆయన్ని వాలెస్‌గా గుర్తు పెట్టుకున్నా, పని నడిచింది టీవీ సహాయ పాత్ర మీద. మీరు చేయాలనుకుంటున్నది దీనికి తలకిందులు, రోజువారీ పనిని వదిలి అప్పుడప్పుడూ వచ్చేదాని మీద ఆధారపడటం.

అయితే ఆయన దారి యథాతథంగా మనకి పనికొస్తుందని నేను అనను. బ్రిటన్‌లో నటుడి వెనక కొన్ని వ్యవస్థలున్నాయి. ఈక్విటీ అనే నటుల యూనియన్ 1930 నుంచి ఉంది, కనీస పారితోషికం, పునఃప్రసారానికి విడిగా డబ్బు లాంటివి అది మాట్లాడి పెట్టింది. బీబీసీ రేడియో నాటకాలకి ప్రత్యేకంగా నటుల బృందం ఉంది, "ది ఆర్చర్స్" అనే రేడియో సీరియల్ 1951 నుంచి దేశమంతా వస్తోంది, అంటే ముఖం లేకుండా నటించడం అక్కడ పాత, గౌరవమైన పని. వయసైపోయిన నటుల కోసం లండన్ శివార్లలో డెన్‌విల్ హాల్ అనే ఆశ్రయం ఉంది, సాలిస్ 2017 జూన్ 2న 96 ఏళ్ళ వయసులో చనిపోయింది అక్కడే. మనకి ఇవన్నీ ఆ రూపంలో లేవు. కార్టూన్ ఎపిసోడ్ పదిసార్లు వేసినా డబ్బింగ్ చెప్పినవాళ్ళకి డబ్బు ఒక్కసారే. అది కూడా నెలల తరబడి ఆపిన స్టూడియో నాకు తెలుసు, నా ఆర్టిస్టుల తరఫున ఫోన్లు చేసి చేసి విసిగిపోయాను. కాబట్టి మీరు ఎక్కడ పని చేసినా రేటు, ఎప్పుడిస్తారు అన్నది ముందే వాట్సాప్‌లో అయినా సరే రాయించుకోండి. అడిగితే పని పోతుందేమోనని టెన్షన్ పడకండి, అడిగినందుకు పని ఇవ్వనివాడు చేశాక డబ్బూ ఇవ్వడు.

నా దగ్గరి రెండు కేసులు చెప్తాను, పేర్లు వద్దు. ఒకతను భలే గంభీరమైన గొంతుతో వచ్చాడు. ఫోన్‌లో హలో అంటేనే ఎదుటివాళ్ళు సర్దుకుని కూర్చునే గొంతు. రాక్షసుడి పాత్ర ఇచ్చాం, మొదటి డైలాగుకి బూత్‌లో అందరం చప్పట్లు కొట్టాం. పదో డైలాగుకి కూడా అదే మోత. కోపం, అనుమానం, ఓడిపోవడం, అన్నీ ఒకే రకంగా వచ్చాయి. తన గొంతు తనే వింటున్నాడు, ఎదుటి పాత్రని వినట్లేదు. రెండేళ్ళు ఒక నాటక సమాజంలో చేరి రమ్మని చెప్పాను. వెళ్ళలేదు, ఇప్పటికీ ట్రైలర్లకి ఒకటీ అరా చెప్తుంటాడు.

ఇంకొకావిడ, చిన్న ఊరి నుంచి వచ్చిన స్టేజి ఆర్టిస్టు. గొంతు మామూలే, కొంచెం పీలగా కూడా ఉంటుంది. మొదట్లో మైకుకి మరీ దగ్గరగా వెళ్ళి గాలి కొట్టేది, స్టేజి అలవాటు వల్ల చివరి వరసకి వినపడాలన్నట్టు అరిచేది. అవి నేర్చుకోవడానికి ఎంతో కాలం పట్టలేదు. ఆవిడలో ఉన్నదేమిటంటే, తెర మీద పాత్ర మాట్లాడకుండా ఉన్నప్పుడు కూడా తను ఆ పాత్రలోనే ఉంటుంది. ఒక మూలుగు, ఒక "ఊఁ", మెట్లెక్కుతున్న ఆయాసం, ఇలాంటి రియాక్షన్లు చెప్పకముందే వచ్చేస్తాయి. ఇవాళ పదేళ్ళ మగపిల్లాడికీ ఆవిడే, వాడి అమ్మమ్మకీ ఆవిడే. నాటకాలు మాత్రం ఇప్పటికీ వదల్లేదు, నేనూ వదలనివ్వను, ఎందుకంటే నాటకం వేసొచ్చిన వారం ఆవిడ పనిలో తేడా నాకు స్పష్టంగా వినపడుతుంది.

మీరు ముప్ఫై దాటిందని బెంగపడుతూ రాశారు. ఆ బెంగ పూర్తిగా తీసేయండి. ముఖానికి వయసు పట్టింపు ఉంటుందేమో గానీ మైకుకి లేదు. కాకపోతే ఒక జాగ్రత్త, చూపు. సాలిస్‌కి పెద్ద వయసులో మాక్యులర్ డీజెనరేషన్ అనే కంటి జబ్బు వచ్చి కంటిచూపు బాగా తగ్గింది, స్క్రిప్టు చూసి చదివే పనికి అది పెద్ద దెబ్బ. మాటలు త్వరగా కంఠస్తం పట్టే అలవాటు ఇప్పటి నుంచే ఉంచుకుంటే కాగితం మీద ఆధారం తగ్గుతుంది, పేపర్ శబ్దం లేని టేక్‌లు కూడా వస్తాయి.

ఇక మీరు చేయాల్సినవి. వచ్చిన చిన్న వేషం ఏదైనా ఒప్పుకోండి, మాటల్లేనిదైనా సరే. మీ దగ్గరి ఆకాశవాణి కేంద్రంలో డ్రామా ఆడిషన్ ఎప్పుడో వెళ్ళి కనుక్కోండి, గొంతుతో నటించడం నేర్చుకోవడానికి మన దగ్గర అంతకంటే మంచి చోటు నేను చూడలేదు. స్టూడెంట్ సినిమాలకి, కొత్త కుర్రాళ్ళ యానిమేషన్‌కి అడిగితే, స్క్రిప్టు చదవండి, నచ్చితే డబ్బు తక్కువైనా చేయండి. నచ్చకపోతే ఎంత ఇచ్చినా వద్దనండి. 50 పౌండ్ల విరాళం కథ విని ప్రతి ఉచిత పనికీ తల ఊపకండి, సాలిస్ ఆ కుర్రాడికి ఒప్పుకోగలిగింది ఇంటి ఖర్చుకి వేరే పని ఉండబట్టి. మీకూ ఆ వేరే పని ఉంది, అందుకే దాన్ని వదలొద్దంటున్నాను.

ఆడిషన్ శాంపిల్ పంపాలనుకుంటే రెండు నిమిషాలు దాటనివ్వకండి. పది గొంతుల మిమిక్రీ వద్దు, అవి మేం రోజూ వింటాం. ఇద్దరు మాట్లాడుకునే సన్నివేశం తీసుకుని అందులో ఒకరి మాటలే చెప్పండి, రెండో మనిషి మాట్లాడాల్సిన చోట ఖాళీ వదిలేయండి. ఆ ఖాళీలో మీరు వింటున్నారో, మీ వంతు కోసం ఎదురు చూస్తున్నారో మొదటి అర నిమిషంలో నాకు తెలిసిపోతుంది.